కదలని కెమెరాకు కాస్త చోటివ్వండి

వరంగల్, హనుమకొండ, కాజీపేటలలో ఏటా లఘుచిత్ర పోటీలు నిర్వహిస్తున్న కమిటీల పెద్దలకు, న్యాయనిర్ణేతలకు నమస్కారం.

నేను హనుమకొండలో ఒక డిగ్రీ కళాశాలలో తెలుగు పాఠాలు చెబుతాను. పాఠాలయ్యాక, ఇష్టమున్న పిల్లలతో కలిసి సినిమాలు చూస్తాను, చిన్న చిన్నవి తీయిస్తాను. మా పిల్లలు మీ పోటీలకు కొన్నేళ్లుగా చిత్రాలు పంపుతున్నారు. పోయినసారి నేనూ ఒకటి పంపాను. అది తొలి వడపోతలోనే పోయింది. ఈ ఉత్తరం వెనుక ఆ బాధ కూడా ఉంది, అందుకే ముందుగా చెబుతున్నాను. కానీ నా ఒక్క చిత్రం కోసమే అయితే ఇంత రాసేదాన్ని కాదు.

నా చిత్రం 22 నిమిషాలు. అందులో మా అమ్మ బీడీలు చుడుతుంది. కోరుట్ల దగ్గర మా ఊళ్లో, ఇంటి అరుగు మీద, గోడకు వీపు ఆనించి, ఒడిలో చాట పెట్టుకుని కూర్చుంటుంది. ఎదురుగా పీట మీద రెండు ఇటుకల మధ్య నిలబెట్టిన నా ఫోను. మొదటి నుంచి చివరి దాకా ఆ ఫోను కదలదు. రాత్రంతా తడిగోనెలో మెత్తబడిన తునికాకు ఆమె ఎడమచేతి కింద ఉంటుంది. ఈనె పక్కకు పోయేలా ఆకును తిప్పుతుంది, రేకు కొలత పెట్టి కత్తెరతో నాలుగు వైపులా కోస్తుంది, చిటికెడు పొగాకు పరుస్తుంది, రెండు బొటనవేళ్ల మధ్య దొర్లిస్తుంది. కొన మడిచి గోటితో నొక్కుతుంది. దారం చుట్టి తెంపుతుంది. ఇంకొక ఆకు. కంటితో చూడనక్కర లేకుండానే వేళ్లకు లెక్క తెలుసు, 25 కాగానే కట్ట కట్టడానికి చెయ్యి దానంతటదే దారం వైపు వెళుతుంది. ముప్పై ఎనిమిదేళ్లుగా ఆమె చేస్తున్న పని ఇది. మా ఫీజులు, అక్క పెళ్లి, తమ్ముడి వీసా అన్నీ ఆ చాటలోంచే వచ్చాయి. జగిత్యాల, నిజామాబాద్, కామారెడ్డి, సిరిసిల్ల వైపు ఏ వాడకు వెళ్లినా మధ్యాహ్నం పూట ఇలా తల వంచుకున్న ఆడవాళ్లు కనిపిస్తారు.

తిరిగొచ్చిన పరిశీలన పత్రంలో నాలుగు మాటలున్నాయి: కథ లేదు, సందేశం లేదు, నేపథ్య సంగీతం లేదు, నిడివి ఎక్కువ. న్యాయనిర్ణేతల్లో ఒకాయన శ్రమ తీసుకుని ఫోను కూడా చేశారు. ఆయన మంచి మనసుతోనే చెప్పారని నాకు తెలుసు, ఇప్పటికీ కృతజ్ఞత ఉంది. చివర్లో పొగాకు వల్ల వచ్చే జబ్బుల గురించి నాలుగు వాక్యాలు వేయమన్నారు. "మధ్యలో ఒకచోట చేతులు ఊరికే ఆగిపోయాయి మేడం, అది కోసేస్తే బిగువు వస్తుంది" అన్నారు.

ఆ చోటు గురించే మీకు చెప్పాలి.

పదిహేడో నిమిషంలో పక్కింట్లో ఫోను మోగుతుంది. అమ్మ చేతులు ఆగుతాయి. ఆకు సగం చుట్టి ఉంది, అంచు నుంచి పొగాకు రాలుతోంది. ఆమె తల ఎత్తదు. చూపు మాత్రం చాటలోంచి పక్కకు మళ్లుతుంది. నాలుగు సెకన్లు. ఆ ఇంటావిడ ఎవరితోనో నవ్వుతూ మాట్లాడటం వినిపిస్తుంది. అమ్మ చేతులు మళ్లీ కదులుతాయి. ఆ తర్వాతి మూడు బీడీలు మాత్రం మిగతావాటికన్నా నెమ్మదిగా అవుతాయి.

తీస్తున్నప్పుడు నేను పక్కనే కూర్చుని ఉన్నా ఇది గమనించలేదు. ఇంటికి వచ్చి కంప్యూటర్‌లో మూడోసారి చూస్తుంటే కంటబడింది. ఎందుకు ఆగావని అమ్మను అడిగితే, ఆమెకు బాగా గుర్తుంది. తమ్ముడు మస్కట్‌లో ఉంటాడు, శుక్రవారాలే ఫోను చేస్తాడు. ఆ రోజు గురువారం. "రోజు కాని రోజు ఫోను మోగితే గుండె గుభేలుమంటుంది బిడ్డా. పక్కింటిదని తెలిసేదాకా ఊపిరి ఆడలేదు" అంది. గల్ఫ్‌లో కొడుకున్న ఏ తల్లిని అడిగినా ఈ మాటే చెబుతుంది. కానీ అడగకుండా, చెప్పించకుండా, ఆ భయం ఒక మనిషి వేళ్లలో ఎలా ఉంటుందో ఆ నాలుగు సెకన్లలో ఉంది. బిగువు కోసం దాన్ని కోసేస్తే నా చిత్రంలో ఏం మిగులుతుందో నాకు తెలియదు.

షాంతాల్ అకెర్మాన్ అనే దర్శకురాలి సినిమాలు చూసి ఉండకపోతే బహుశా నేనే దాన్ని కోసి పారేసేదాన్ని. ఆమెది బెల్జియం. 1950లో బ్రస్సెల్స్‌లో పుట్టారు. పాతికేళ్లకు అటూ ఇటూ వయసులో, 1975లో, ఆమె తీసిన 'జాన్ డీల్మన్' అనే సినిమా నిడివి 201 నిమిషాలు. భర్త పోయిన ఒక నడివయసు ఆవిడ, చదువుకునే కొడుకు, ఒక చిన్న ఇల్లు, మూడు రోజులు. ఆమె కాఫీ కాస్తుంది, కొడుకు బూట్లు తుడుస్తుంది, పక్క సర్దుతుంది, బంగాళాదుంపల తొక్కు తీస్తుంది. కెమెరా ఒకచోట నిలబడి ఆ పనులను దాదాపు అవి పట్టే సమయమంతా చూస్తుంది. ముఖం దగ్గరకు దూకదు, ఆమె వెంట పరుగెత్తదు, ఆమె గది దాటి వెళ్లిపోయినా ఒక్కోసారి ఖాళీ గదిని చూస్తూ ఉండిపోతుంది. ఇల్లు గడవడానికి ఆమె మధ్యాహ్నాలు ఒళ్లు అమ్ముకుంటుంది. ఇంకెవరైనా అయితే ఆ సంగతి చుట్టూనే సినిమా అల్లి, వంటను రెండు క్షణాల్లో దాటించేవారు. అకెర్మాన్ మొదటి రెండు రోజులూ పడకగది తలుపు దగ్గర ఆగిపోయి, వంటను పూర్తిగా చూపించారు.

రెండో రోజు బంగాళాదుంపలు ఎక్కువ ఉడికిపోతాయి. జరిగేది అంతే. గిన్నె చేతిలో పట్టుకుని, దాన్ని ఏం చేయాలో తోచక ఆవిడ గదుల మధ్య తిరుగుతుంటే చూస్తున్నవారి గుండె జారిపోతుంది. అదే దృశ్యాన్ని విడిగా, ఐదు నిమిషాల లఘుచిత్రంలో పెడితే ఎవరికీ ఏమీ అనిపించదు. మొదటి రోజంతా ఆమె చేతుల క్రమం మన కంటికి అలవాటైంది గనుక, ఆ క్రమం తప్పడం మనకు తెలుస్తుంది. అమ్మ చేతులు పదహారు నిమిషాలు ఆగకుండా నడిచాయి గనుకనే పదిహేడో నిమిషంలో ఆగడం ఒక సంఘటన అయింది. నిడివి ఎక్కువ అని మీరు రాసిన మాటకు నా జవాబు ఇదే. ఆ పదహారు నిమిషాలు అవసరం.

ఒక సంగతి ఒప్పుకోవాలి. అకెర్మాన్ సినిమాలో ఉన్నది నటి, అన్నీ ముందే రాసుకుని చేయించినవి. మా అమ్మ నటించలేదు. రెండూ ఒకటే అనడం లేదు. ఇంటి పనిని కన్నార్పకుండా చూడవచ్చు, చూస్తే అందులో ఇంత ఉంది అన్న ధైర్యం మాత్రం నాకు అక్కడి నుంచే వచ్చింది. అదే అకెర్మాన్ నటులు, కథ ఏవీ లేకుండానూ తీశారు. సోవియట్ కూటమి కూలిపోయాక తూర్పు యూరప్ దేశాల మీదుగా మాస్కో దాకా వెళ్లి, స్టేషన్లలో, బస్సుల కోసం చలిలో ఎదురుచూస్తున్న జనాన్ని చిత్రించారు. వ్యాఖ్యానం ఒక్క ముక్క లేదు. ఆ చిత్రం 1993లో వచ్చింది. చూసిన మర్నాడు కాజీపేట జంక్షన్‌లో రైలు కోసం నిలబడితే, పక్కన సంచులు ముందేసుకుని కూర్చున్నవారి ముఖాలు నాకు వేరుగా కనిపించాయి. 2015లో ఆమె చివరి చిత్రం వచ్చింది, అందులో ఉన్నది వాళ్లమ్మే. నాజీల ఆష్విట్జ్ శిబిరం నుంచి ప్రాణాలతో బయటపడిన మనిషి. బ్రస్సెల్స్ ఇంట్లో, వంటగది బల్ల దగ్గర, తల్లీకూతుళ్లు తింటూ మాట్లాడుకుంటారు. ఆ తల్లి 2014లో పోయారు, ఆ మరుసటి ఏడే కూతురూ పోయారు.

బ్రిటన్‌కు చెందిన 'సైట్ అండ్ సౌండ్' పత్రిక 1952 నుంచి పదేళ్లకోసారి ప్రపంచ విమర్శకుల చేత ఓట్లు వేయించి గొప్ప సినిమాల జాబితా వేస్తుంది. 2022లో ఆ జాబితాలో మొదటి స్థానం 'జాన్ డీల్మన్'కు వచ్చింది. ఒక మహిళ తీసిన సినిమాకు ఆ స్థానం రావడం అదే తొలిసారి. పెద్ద పేరు చూపి మిమ్మల్ని ఒప్పించాలని కాదు. కదలని కెమెరా, జరగని కథ అంటే చేతకాని పని అనుకునే పిల్లలకు ఈ సంగతి ఎవరో ఒకరు చెప్పాలి. మీ వేదిక మీద నుంచి చెబితే వింటారు.

ఇక సందేశం మాట. మీ దరఖాస్తులో 'చిత్రం ద్వారా ఇచ్చే సందేశం' అని ఒక గడి ఉంటుంది. దాన్ని నింపకపోతే దరఖాస్తు తీసుకోరు. ఆ గడి మా పిల్లల చేత ఏం చేయిస్తోందో నేను దగ్గరి నుంచి చూస్తున్నాను. ముందు సందేశం అనుకుంటారు, తర్వాత దానికి సరిపడే మనిషిని వెతుకుతారు. తాగుబోతు తండ్రి చివరి నిమిషంలో మారిపోవాలి. రైతు తాడు చేతిలోకి తీసుకోవాలి, ఎవరో వచ్చి ఆపాలి. పందొమ్మిదేళ్ల పిల్లవాడు తన ఇంట్లో నిజంగా ఉన్న తండ్రిని పక్కన పెట్టి, స్నేహితుడికి తెల్ల మీసం అంటించి తండ్రిని చేస్తాడు. ఆ పిల్లవాడి తండ్రి ఆటో నడుపుతాడు, రాత్రి ఇంటికి రాగానే చిల్లర లెక్కపెట్టి డబ్బాలో వేస్తాడు. ఆ లెక్కపెట్టడం నేను వాళ్లింట్లో చూశాను. నాణేలను వేళ్లతో జరుపుతూ, ఒక్కో వరుసా పూర్తయ్యాక చిన్నగా దగ్గి, మళ్లీ మొదలుపెడతాడు. దాన్ని తీయమని నేనన్నాను. "దాంట్లో మెసేజ్ ఏం రాయాలి మేడం?" అని అడిగాడు. నేను జవాబు చెప్పలేకపోయాను. అతను తీయలేదు.

ఇంకొక విద్యార్థిది రైతు కుటుంబం. రెండేళ్ల కిందట మిర్చి కాలంలో, ఏనుమాముల మార్కెట్‌లో పదకొండు నిమిషాలు ఒకే చోట ఫోను నిలబెట్టి తీసుకొచ్చాడు. యార్డు నిండా ఎర్రటి రాసులు, బస్తాలు, ఘాటుకు ఎక్కడో ఒకరు తుమ్ముతూనే ఉంటారు. ఆ రోజు పై ధర తేల్చే వేలం, జెండా పాట, అయిపోయింది, ఆ ధర ఎంతో అందరికీ తెలుసు. ఒక రైతు తన బస్తాల పక్కన కూర్చుని ఉన్నాడు. ఖరీదుదారు వస్తాడు. విప్పిన బస్తాలోంచి గుప్పెడు కాయలు తీస్తాడు, ఒకటి విరిచి వాసన చూస్తాడు, రంగు చూస్తాడు, మిగతావి నేల మీదికి వదిలేసి ఒక మాట అని వెళ్లిపోతాడు. ఆ మాట మనకు వినిపించదు. రైతు ముఖంలోనూ పెద్ద మార్పేమీ రాదు. తర్వాత అతను వంగి, కింద పడ్డ కాయలను ఒక్కొక్కటిగా ఏరి, దుమ్ము ఊది, బస్తాలో వేస్తాడు. విరిచిన కాయను కూడా వేస్తాడు. హమాలీ ఒకతను అడ్డం వస్తే, అతను దాటేదాకా ఆగి, మిగిలిన రెండూ ఏరుకుంటాడు.

నేను చూసిన మిర్చి రైతు చిత్రాలన్నిటిలో ఇది గొప్పది. మీకు పంపితే తిరిగొచ్చింది. మరుసటి ఏడు ఆ పిల్లవాడు దాన్నే మూడు నిమిషాలకు కుదించి, విషాద సంగీతం పెట్టి, చివర గిట్టుబాటు ధర కోసం నినాదం ఒకటి వేసి పంపాడు. ప్రోత్సాహక బహుమతి వచ్చింది. కాయలు ఏరే దృశ్యం ఆ మూడు నిమిషాల్లో పట్టలేదు. గిట్టుబాటు ధర రావాలి, అందులో రెండో మాట లేదు. మా నాన్న పసుపు పండించిన మనిషి, ధర పడిపోతే ఇల్లు ఎలా ఉంటుందో నాకు ఎవరూ చెప్పనక్కర లేదు. కానీ ఆ నినాదం ఇప్పటికే గోడల మీద ఉంది. విరిచిన కాయను కూడా తిరిగి బస్తాలో వేసుకునే చేయి ఎక్కడుంది? అది ఆ పదకొండు నిమిషాల్లోనే ఉంది. అది చూసినవారికి ధర గురించి ఎవరూ వేరుగా చెప్పాల్సిన పని లేదు.

అమ్మ చిత్రానికి జబ్బుల వాక్యాలు వేయకపోవడానికీ కారణం ఇదే. తొమ్మిదో నిమిషంలో అమ్మ దగ్గుతుంది. పద్నాలుగో నిమిషంలో మళ్లీ. రెండోసారి కాస్త ఎక్కువసేపు. పొగాకు దుమ్ము మధ్య కూర్చున్న మనిషి దగ్గు అది. వినేవారు వింటారని నమ్మాను.

మన దగ్గర ఇలాంటి చూపు లేదని అనను. బి. నర్సింగరావు గారు 1987లోనే 'మా ఊరు' డాక్యుమెంటరీలో తెలంగాణ పల్లె రోజువారీ బతుకును తెరకెక్కించారు. ఆ దారిలో నడిచే పిల్లలకు ఇప్పుడు చోటు లేకపోవడమే నా బాధ. ఇప్పుడు మన ఊరి మీద వచ్చే వీడియోలలో సగం ఆకాశం నుంచి తీసినవి. కోట పైనుంచి, భద్రకాళి చెరువు పైనుంచి, బతుకమ్మ ఆడే వేల మంది పైనుంచి డ్రోన్ ఎగిరిపోతుంది. అందంగానే ఉంటుంది. గునుగు పూలకు రంగులద్ది, కాడలు సమంగా కోసి, వరుస తప్పకుండా పేర్చే గంటన్నర పనిని మాత్రం ఎవరూ తీయరు.

ప్రపంచంలో సినిమా మొదలైందే ఇటువంటి చూపుతో. లూమియేర్ సోదరులు 1895 డిసెంబర్ 28న పారిస్‌లో టికెట్టు పెట్టి వేసిన తొలి ప్రదర్శనలో, ఫ్రాన్స్‌లోని లియాన్ నగరంలో వాళ్ల సొంత ఫ్యాక్టరీ గేటు నుంచి కార్మికులు పని దిగి బయటికి వచ్చే దృశ్యం ఉంది. నిమిషం కూడా ఉండదు. ఆడవాళ్లు పొడవాటి గౌన్లలో నడుస్తారు, ఒక కుక్క అడ్డం వస్తుంది, సైకిలు ఒకటి. ఆ గేటులో ఆ రోజు ఎవరెలా నడిచారో నూట ముప్పై ఏళ్ల తర్వాత హనుమకొండలో కూర్చుని నేను చూడగలుగుతున్నాను. వరంగల్‌లో మన అజంజాహి బట్టల మిల్లు 1934లో మొదలై 2002లో మూతబడింది. దాదాపు డెబ్బై ఏళ్ల పాటు ఆ గేటు నుంచి వేల మంది షిఫ్టు దిగి సైకిళ్ల మీద ఇళ్లకు వెళ్లారు. మా మామగారు అందులో నూలు విభాగంలో పనిచేశారు. ఆ గేటు దృశ్యం ఒక్క నిమిషమైనా ఎవరి దగ్గరైనా ఉందేమోనని, మిల్లులో పనిచేసిన ఇళ్లు ఎన్నో తిరిగి అడిగాను. పెళ్లి ఫోటోలు దొరికాయి, పదవీ విరమణ రోజు దండలతో దిగినవి దొరికాయి, మంత్రులు వచ్చినప్పటివి దొరికాయి. మామూలు రోజు ఒక్కటీ దొరకలేదు.

కొత్తవాడలో జంపఖానా నేసే మగ్గాలు ఇంకా ఆడుతున్నాయి. వరంగల్ జంపఖానాలకు 2018లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. ఆ సందర్భం మీద వచ్చిన వీడియోలలో అధికారులు ఉన్నారు, అమ్మకాల ప్రదర్శనలు ఉన్నాయి. మగ్గం ముందు కూర్చున్న ఒక పెద్దాయన పడుగు పోగు తెగితే వెతికి, తడి వేళ్లతో ముడివేసి, మళ్లీ పేక నడపడం మొదలుపెట్టేదాకా ఓపికగా చూసిన వీడియో నాకు కనబడలేదు. ఇవాళ ప్రతి పిల్లవాడి జేబులో కెమెరా ఉంది. చూడమని చెప్పేవారు కావాలి, చూసినదానికి చోటిచ్చేవారు కావాలి.

మనిషిని చూడటానికి ఒక మర్యాద ఉందని కూడా మా పిల్లలకు చెబుతాను. అడగకుండా తీయకూడదు, తీసింది వాళ్లకు ముందు చూపించాలి, వద్దంటే తుడిచేయాలి. మార్కెట్ చిత్రాన్ని ఆ రైతుకు చూపించి, సరేనన్నాకే మీకు పంపాం. మా అమ్మ మొదట ఒప్పుకోలేదు. "ఇందులో చూడటానికి ఏముంది బిడ్డా? కొత్త చీర కట్టుకుంటాను, బతుకమ్మ పేరుస్తుంటే తియ్యి" అంది. రెండు సెలవులు ఫోను పక్కన పెట్టి ఊరికే ఆమె దగ్గర కూర్చుని ఆకు కత్తిరించాను. మూడోసారి "తీసుకో" అంది. మీ నియమాల్లో కాపీరైటు గురించి అర పేజీ ఉంది. తెర మీద కనిపించే మనిషి అనుమతి గురించి ఒక్క వాక్యమైనా చేర్చండి.

మిగతా విభాగాలను మార్చమని అడగడం లేదు. కథాచిత్రాలు ఉండాలి, సందేశాలు ఇష్టమైనవారు ఇవ్వాలి. నిత్యజీవిత చిత్రణకు వేరుగా ఒక విభాగం పెట్టండి. దానికి సందేశం గడి తీసేయండి, నిడివి అరగంట దాకా ఒప్పుకోండి, సంగీతం లేదని మార్కులు తగ్గించకండి. ఆ విభాగాన్ని చూసే న్యాయనిర్ణేతల్లో ఒక్కరైనా ఆ పని తెలిసినవారు ఉండాలి. బీడీల చిత్రమైతే బీడీలు చుట్టిన మనిషి, మగ్గం చిత్రమైతే నేత మనిషి. వచ్చిన చిత్రాలను, బహుమతి రానివాటిని కూడా, ఊరు, తేదీ, పని పేరు రాసి ఒకచోట దాచండి. ఒక హార్డ్ డిస్కు, ఒక రిజిస్టరు చాలు. ఆ రిజిస్టరు నేను రాసిపెడతాను.

నెలకొకసారి ఒక సాయంత్రం ప్రదర్శన కూడా కావాలి. హనుమకొండలో కాళోజీ కళాక్షేత్రం 2024లో తెరుచుకుంది. అంత పెద్ద వేదిక ఇవ్వనక్కర లేదు. గ్రంథాలయంలో ఒక గది, తెల్లగా సున్నం వేసిన గోడ, చీకటి పడేలా రెండు పరదాలు ఉంటే సరిపోతుంది. ప్రొజెక్టర్ మా కళాశాల మిత్రుల దగ్గర ఉంది. మొదటి నెల మార్కెట్ చిత్రం పదకొండు నిమిషాలదీ వేద్దాం, కోయకుండా. ఆ పిల్లవాడు అసలు ప్రతిని తుడిచేయలేదు, అడిగి తెలుసుకున్నాను. తర్వాత అమ్మది.

అమ్మ ఈ ఏడు బీడీలు మానేస్తానంటోంది. దారం చూపుకు ఆనడం లేదట. తన చిత్రాన్ని ఇంతవరకు నా చిన్న ఫోనులోనే చూసింది, చివరిదాకా చూసి, పదకొండో నిమిషంలో చుట్టిన ఒక బీడీ వదులుగా ఉందని, కంపెనీలో దాన్ని తీసి పడేసి ఉంటారని చెప్పింది. పెద్ద తెర మీద ఆమెకు చూపించాలని ఉంది. గది ఏ రోజు ఖాళీగా ఉంటుందో కబురు చేస్తే బస్సులో తీసుకొస్తాను. మోకాళ్ల నొప్పి వల్ల మెట్లు ఎక్కలేదు, కింది అంతస్తులో అయితే మేలు.

ఇట్లు,
ఒక తెలుగు అధ్యాపకురాలు,
హనుమకొండ